ధారబోసిన దుకాణం

హుస్నాబాద్ దగ్గరి ఒక ఊరు, 1966. రేషన్ దుకాణం కేసు గెలిచి దామోదర్‌రావు దొర పట్నం నుంచి అప్పుడే గడీకి వచ్చాడు. ఎదురుగా ఆయన జీతగాడు భూమన్న.

“...జడ్జి మన వకీలు దిక్కు చూసి, దుకాణం భూమన్నదే, దామోదర్‌రావుకు సంబంధం లేదు అని తీర్పు చెప్పిండు. మన మీద కేసేసిన ఆ మగ్గాల సాలోళ్ల మొఖాలు చూడాలె భూమిగా. వాళ్ల పెద్దమనిషి ఆ అంతయ్యగాడు నేలచూపులు చూసుకుంట పోయిండు.”

“అంతయ్య మొన్ననే ఊర్లకొచ్చిండు దొర. నాకు చాయ తాగిపిచ్చిండు.”

“ఓడిపోయినోడు చాయ తాగిపిస్తడా?”

“ఏమో దొర. సంతోషంగనే ఉన్నడు.”

“మతి పోయి ఉంటది. దుకాణం దొరదే, భూమన్న ఉత్త పేరుకే అని పిటిషన్ ఏసిండ్రు. గడీల నుంచి తీసి సాలెవాడల పెట్టాలన్నరు. ఏమైంది? మల్ల నా గడీకే రావాలె, చెప్పులు ఇడిశి అరుగు కింద నిలబడాలె.”

“ఎండకాలం సాలెవాడ కమలవ్వకు కాళ్లు బొబ్బలెక్కినయి దొర. మీరు లేచేదాక నిలబడి.”

“నేను పండుకోవద్దా? సరే, కొట్టం తలుపు తియ్యి. బస్తాలు చూస్త.”

“ఏం బస్తాలు దొర?”

“శక్కర బస్తాలురా. బియ్యం. గాసునూనె డబ్బాలు.”

“అవి ఈడ లేవు.”

“ఏడికి పోయినయి?”

“మా ఇంటికి. మీరు పట్నంల బావమరిది ఇంట్ల దావత్ చేసుకుంటుంటే, నిన్న తహసీల్దారు బండ్లు కట్టిచ్చుకొని వచ్చిండు. తీర్పుల ఇంకో ముక్క గూడ ఉన్నదంట గద. దుకాణం లైసెన్సుల రాసిన జాగల్నే నడవాలెనంట. మీరు చెప్పకపోతిరి.”

“ఉన్నది లే. నా లైసెన్సు రద్దు చేసి, సాలెవాడల ఇల్లున్నోనికే ఇస్తమన్నరని నీ పేరు, నీ ఇల్లు రాయించిన. బోర్డు ఆడ కొట్టి, సామాను ఈడ పెడుదమనుకున్న.”

“సామానే ముందుగాల పోయింది. బోర్డు రేపు కొడతరు.”

“నువ్వు అడ్డం చెప్పలేదారా?”

“ఏమని చెప్పాలె? దుకాణం ఎవ్వలది అని తహసీల్దారు అడిగిండు. నాది అన్న.”

“మంచిగ చెప్పినవ్. బయటోళ్లకు అట్లనే చెప్పాలె. ఇప్పుడు నాకు చెప్పు. ఎవ్వలది?”

“నాది దొర.”

“భూమిగా.”

“కోర్టుల భూమన్నగారు అన్నరు మీరు.”

“అది కోర్టు. ఇది గడీ. నీకు జర భయమన్న లేదా?”

“ఉన్నది దొర. ఆ భయానికే చెప్తున్న. బాసరల ఏమైందో మీకు యాదికున్నదా?”

“ఏమైంది? కోర్టుల నోరు జారుతవని తీస్కపోయి, దుకాణం నీదే అని ఒట్టు పెట్టిచ్చిన.”

“నేను పెట్టనంటి. అబద్ధపు ఒట్టు పెడితే తల్లి ఊకోదు, పిల్లలున్నోన్ని అంటి. అప్పుడు మీరేం జేసిండ్రు?”

“ఏం జేసిన?”

“గోదారి గంగల దిగిండ్రు. దోసిట్ల నీళ్లు పట్టి నా చేతుల ధారబోసిండ్రు. ‘ఇగో, గంగ సాక్షిగ దుకాణం నీకిచ్చిన, ఇంక అబద్ధం ఏడున్నదిరా, పెట్టు ఒట్టు’ అన్నరు. అప్పుడు పెట్టిన.”

“నీ ఫికర్ పోవాలని గట్ల అంటి. నవ్వులాటకు.”

“మీరు నవ్విండ్రు దొర. నేను నవ్వలే. ధారబోసింది మల్ల గుంజుకుంటే మీకేమన్న అయితదని నాకు పరేషాన్ ఉన్నది. రాత్రి నిద్ర గూడ పడ్తలేదు.”

“నా సంగతి నీకెందుకు. నువ్వు నా జీతగానివని ఊరోళ్లందరితోని సాక్ష్యం చెప్పిస్త.”

“సాలోళ్లు కోర్టుల గదే చెప్పిరి. అబద్ధమని మీ వకీలే కొట్టేపిచ్చె.”

“పెద్ద కోర్టుకు పోత. అప్పీలు ఏస్త.”

“ఎవ్వల మీద దొర? గెలిచింది మనమే గద.”

“ఆ వకీలునే పిలిపిచ్చి అడుగుత.”

“లోపల్నుంచి దొరసాని పిలుస్తున్నట్టుంది.”

“ఇన్న. గెలిచినమని చుట్టాలు వస్తుండ్రు, ఇంట్ల శక్కర లేదంట. నీ సంగతి తర్వాత చూస్త. ముందుగాల ఓ బస్తా శక్కర పంపియ్యి.”

“బస్తా ఇయ్యరాదు. కార్డు మీద ఎంత రాసుంటే గంతే.”

“నాకు కార్డెందుకురా, దుకాణం నాద...”

“చూసిండ్రా, నోరు మీకే జారుతున్నది.”

“భూమిగా, నువ్వు నా ఉప్పు తిన్నవురా.”

“తిన్న దొర. నీ బాంచెన్, కాదంటలేను. మీ ఇంటి కార్డు లీలాబాయి దొరసాని పేరు మీద ఉన్నది. పట్టుకొని పొద్దుగాల రాండ్రి. కమలవ్వ అందరికంటె ముందొస్తది, ఆమె ఎనుక నిలబడుండ్రి. చెప్పులు ఇడిశే పని లేదు దొర, మా కాడ అందరు తొడుక్కునే నిలబడ్తరు.”