ఈ పూటకి సంతకం వద్దు సార్

అదేంటి సార్, ఇన్నేళ్లూ లేని తొందర ఇవ్వాళే వచ్చిందా మీకు? ఆ పెన్ను కాస్త పక్కన పెట్టండి, మీకు పుణ్యముంటుంది.

తెలుసు సార్, తెలుసు. ఇవ్వాళ్టితో గడువైపోతుంది, నా టీచరు పోస్టు అప్పీలు తేల్చకపోతే కోర్టు ధిక్కారం. ఆ గడువు పెట్టించిన కేసు వేసింది నేనే కదా! మా ఊరు కుట్టనాడు నించి పడవెక్కి, బస్సెక్కి, మీ సెక్రటేరియట్ మెట్లెక్కి దిగి ప్రాణం విసిగిపోయింది. "అవునో కాదో తేల్చమనండి మహాప్రభో" అని హైకోర్టుకి పోయాను. జడ్జిగారు తేల్చమన్నారు. తేల్చమన్నారంతే, ఉద్యోగం ఇమ్మనలేదు. వకీలు ఆ ముక్క చెబుతూనే ఉన్నాడు, నేను వింటేగా!

ఊరంతా గెలిచామనుకుంది సార్. ఆదివారం చర్చిలో ఫాదరు మైకు పట్టుకుని చెప్పేశారు, మన ఆన్సీ టీచరు గెలిచిందని. మా ఆయన రెండు బాతుల్ని కోసేశాడు. మా ఇంట్లో బాతుని కోయడమంటే మాటలా? నాది జీతం లేని కొలువాయె, ఆ గుడ్లమ్ముకునేగా బతుకుతున్నాం.

పోనీ, ఇప్పుడు కాదని సంతకం పెట్టబోతున్నారే, దానికి మీరు చెప్పే కారణమైనా న్యాయంగా ఉందా? బళ్లు తెరిచిన ఆరో పనిరోజున పిల్లల తలలు లెక్కపెడతారు, ఆ లెక్కని బట్టే టీచరు పోస్టులు. సరిగ్గా ఆ రోజే కుంభవృష్టి. నీళ్లు పొంగి అవతలి గట్టు పడవ రాలేదు, తలలు తగ్గి నా పోస్టుకి మంజూరు రాలేదు. మర్నాడొచ్చారు పిల్లలు, తలలు కూడా ఆరలేదు వాళ్లకి. ఏడో రోజు వస్తే పిల్లలు కారా సార్?

రూలంటారు. ఎన్నిసార్లడిగినా రూలే అంటారు.

సరే, ఒక్క మాట వినండి. ఫైలు మీ బీరువాలో ఉన్నన్నాళ్లూ మా ఎయిడెడ్ స్కూలు మేనేజరు నన్ను పొమ్మనలేదు. "తేలేదాకా రా టీచరూ" అన్నాడు. జీతం లేకపోతేనేం, నాలుగో తరగతి నాది. తేలలేదు కాబట్టే నేను టీచర్ని సార్! మీరు కాదని రాసిన మరుక్షణం నేనెవర్ని?

కాళ్లు పట్టుకుంటాను, ఆ ఫైలు మళ్లీ అడుగున పడేయండి. ఇన్నేళ్లూ అంత బాగా తొక్కిపెట్టారే, ఆ చెయ్యేమైంది ఇప్పుడు? ధిక్కారమని కేసు వెయ్యాల్సింది నేనేగా? వెయ్యను. మేరీమాత మీద ఒట్టు, వెయ్యను. నేను గెలిచిన కేసు నాకొద్దు సార్!

అయ్యో... పెట్టేశారా?

ఊఁ. ఇటివ్వండి పెన్ను, ఆర్డరు ముట్టినట్టు నేనూ సంతకం పెట్టాలిగా. సోమవారం పన్నెండో ఎక్కం ఒప్పజెప్పించుకుంటానని చెప్పొచ్చాను పిల్లలకి. పిచ్చి వెధవలు, బట్టీపట్టుకునే వస్తారు.