బావగారి చేతికొచ్చిన ఉన్ని

లేవకండి బావగారూ, లేవకండి! ఎక్కడికా పరుగు? ఏటా మా ఉన్ని సంగతి తేల్చేది మీరేగా. ఇవాళ ఇంతమంది కాపర్ల ముందు తేల్చాకే వెళ్దురుగాని.

ఇందాక ఏమన్నారు? "అమ్మాయ్, మళ్ళీ పచ్చబారిన ఉన్నే. రెండో రకం" అన్నారు. అన్నారా లేదా?

మీరు మూట విప్పరు కదా. పక్కన చిన్న చీలిక కోసి, మోచేతి దాకా చెయ్యి దూర్చి, గుప్పెడు లాగి చూపిస్తారు. మీరు తీసిందే ఉన్ని, మీరు చెప్పిందే రేటు. కాదనడానికి ఎవరికి నోరుంది?

ఇదిగో, అదే మూట. నేనే చింపుతున్నా, అందరూ చూడండి. నలుపు! అడుగు దాకా నలుపే, తెల్లపోచ ఒక్కటి లేదు. మరి మీ గుప్పిట్లోకి ఆ పచ్చ ఉన్ని ఎక్కణ్ణుంచి వచ్చింది బావగారూ? మంత్రం వేశారా?

ఎండ మాడు పగలగొడుతుంటే ఆ పొడుగు చేతుల చొక్కా ఎందుకో నాకు పోయినేడు తెలిసింది. మా ఇంట్లో స్నానానికి వెళ్తూ విప్పారు కదా, ఉతుకుదామని దులిపితే చేతి మడతలోంచి పచ్చ ఉన్ని రాలింది.

అప్పుడే అడగొచ్చుగా అంటారా? అడిగితే, గొర్రెలున్న ఇంట్లో ఉన్ని రాలదా అనేవారు. మీ సంగతి నాకు తెలీదూ?

రేటు తగ్గించారనా నా ఏడుపు? కాదండీ. మీ తమ్ముడు! అన్న మాటంటే తిరుగులేదు ఆయనకి. మేతలో లోపమేమో అన్నారు, మందలో లోపమేమో అన్నారు. మంచం పట్టాక, "నాకే పెంచడం చాతకాలేదే" అంటూ పోయారు, ఆ చొక్కా గుట్టు నాకు తెలిసేలోపే. మీరు పక్కనే కూర్చుని తల నిమిరారు. అప్పుడైనా నోరు పెగల్లేదేమండీ?

అదిగో, ఆ ముసలాయన తన మూటలు మళ్ళీ బండికెత్తిస్తున్నాడు. వెనకాయనా అంతే. ఇక మీ ముందు మూట దించేవాడెవడో నేనూ చూస్తా!

ఏం, నవ్వుతున్నారు? నల్ల ఉన్నికి రంగెక్కదు, మిల్లువాళ్ళు ముట్టరు అనేగా? తెలుసు. ఆయన ప్రాణంగా పెంచిన తెల్లమందనంతా అమ్మేసి ఈ నల్లవాటిని తోలుకొచ్చాను, ఈ ఒక్క పూట కోసం. ఆయనుంటే ఇది జరగనిచ్చేవారా? "పోనీలేవే, అన్నయ్యే కదా" అనేవారు.

అందుకే... ఇందాక మీరు చెయ్యి బయటికి తీస్తుంటే, ఆయన లేకపోవడమే మంచిదయిందనుకున్నా బావగారూ. ఛీ, ఏం మనిషినో నేను! వెళ్ళండి, వెళ్ళండిక.