పది నిమిషాల చప్పట్లు

వార్సా, 1982. దేశం సైన్యం చేతిలోకి పోయాక, ఇక టీవీలో కనిపించబోమని నటులంతా ఒట్టు పెట్టుకున్న ఏడాది. ఒట్టు తప్పిన ఒక పెద్ద నటుడు, నాటకం మధ్యలో తెర దించేశాక, రాజు వేషంతోనే మేకప్ గదిలోకి దూసుకొచ్చి కోటు గుండీలు విప్పేశాడు. ఇరవయ్యేళ్ళుగా అతనికి వేషం తొడుగుతున్న ముసలామె అక్కడే ఉంది.

"నోరు తెరిస్తే చప్పట్లు! మూస్తే ఆపేస్తారు! పది నిమిషాల పాటు ఒక్క మాట పలకనివ్వలేదు, గాడిదలు!"

"ఇన్నాళ్ళూ చప్పట్లు చాలవనేవారుగా, అయ్యగారూ."

"వెటకారమా? నేనేం చేశాను? టీవీలో ఒక కవిత చదివాను, అంతేగా!"

"మీ కవిత అవగానే మిలిటరీ బట్టలేసుకున్నవాడు వార్తలు చదివాడు. అప్పటికి మా అల్లుడు జైల్లో ఉన్నాడు."

"నీ అల్లుణ్ణి నేను పట్టించానా? ముప్పయ్యేళ్ళు ఈ జనం కోసం చచ్చాను!"

"అందుకేగా గోల చెయ్యకుండా చప్పట్లతోనే మర్యాదగా గెంటారు."

"నన్ను గెంటేదెవరు? మళ్ళీ వెళ్తున్నా. ఈ గుండీలు పెట్టు. ఏంటి, నీ చేతులు అంత ఎర్రగా ఉన్నాయి?"

"తెర పక్కన నిలబడి నేనూ కొట్టాను. గుండీలు మీరే పెట్టుకోండి."