కత్తెరక్క తిరగేసి అతికించిన ముక్క

అధ్యక్షులు, మన ఫిల్ము భాండాగారం డైరెక్టరుగారికి, ముందు వరుసలోని పెద్దలకు, కుర్చీలు చాలక గోడకు ఆనుకుని నిలబడ్డ ల్యాబు మిత్రులకు నమస్కారం.

ఈరోజు రిటైరవుతున్న మనిషి వేదిక మీద లేదు, గమనించే ఉంటారు. వస్తుంది. ఒకచోట కుదురుగా కూర్చునే మనిషి కాదని మీకు తెలుసు. (నవ్వులు) పాత న్యూస్‌రీళ్ల ముక్కలు ఏరి, అతికించి, జనం మరిచిపోయిన రోజుల్ని వాటిలోంచి బయటికి లాగి వింత వింత సినిమాలు తీసిన మా కత్తెరక్కతో నేను విలేకరిగా ఉన్నప్పటి నుంచీ పోట్లాడుతూనే ఉన్నాను. "నువ్వు రాసింది తప్పని నా రీలు చెబుతోంది తమ్ముడూ" అని ఆఫీసుకు ఫోన్ చేసి మరీ దెప్పేది, చాలాసార్లు అది నిజమే అయ్యేది.

కాసేపట్లో మీరు చూడబోయేది ఆమెకు బహుమతి తెచ్చిన మిల్లు సమ్మె సినిమా. అందులో ఒక షాట్‌లో మిల్లు గేటు కుడివైపు కనిపిస్తుంది. తర్వాతి షాట్‌లో ఒకాయన గోడ పక్కన కుడివైపుకే నడుస్తాడు. సమ్మె విరిచి పనిలోకి వెళ్తున్నాడని చూసినవాళ్లంతా అనుకున్నారు. పోయిన నెల ఆయన కూతురు కత్తెరక్క గదికి వచ్చింది. నేనూ అక్కడే ఉన్నాను.

"అందరికీ ఎడమవైపుండే చొక్కా జేబు మా నాన్నకు కుడివైపు ఎందుకుందమ్మా?" అంది. "ఆయన లోపలికి పోలేదు. దాంతో ఉద్యోగమే పోయింది. మీ సినిమా చూసి మా పిన్ని కొడుకులు 'మీ నాన్న ద్రోహి' అని నా మొహం మీదే అంటున్నారు."

అక్క లేచి రీళ్ల పెట్టె తెరిచింది. రీలు తీసి దీపం ముందు పట్టింది. అంచు మీద అచ్చయిన అంకెలు అద్దంలో చూసినట్టు తిరగబడి ఉన్నాయి. తెగిన ముక్కను అప్పట్లో పొరపాటున తిరగేసి అతికించింది తనే. గేటుకు దూరంగా పోతున్న మనిషి గేటు వైపు పోతున్నట్టయింది.

సరిచేస్తానంటే, బహుమతి వచ్చిన ప్రతిని ముట్టుకోకూడదంది మన భాండాగారం కమిటీ. అధ్యక్షులవారు "చూద్దాం" అన్నారు. (అధ్యక్షులు గడియారం చూసుకున్నారు) చూసుకోండి సార్, నేను కావాలనే లాగుతున్నాను. రేపటి నుంచి ఆ గది తాళం ఆమె దగ్గర ఉండదు. ఇందాక మెట్ల దగ్గర "నేను వచ్చేదాకా మైకు వదలకు తమ్ముడూ" అంది. "ఏం మాట్లాడనక్కా?" అంటే, "నన్ను పొగుడు. నీకు అలవాటు లేదుగా, టైము పడుతుంది" అంది. (నవ్వులు)

వార్తలో తప్పు పడితే మేం మర్నాడు లోపలి పేజీలో సవరణ వేసి హాయిగా నిద్రపోయేవాళ్లం. ఈవిడకు నెల రోజులుగా నిద్ర లేదు. అంతకు మించి పొగడడం నాకు చేతకాదు. నిజం చెప్పాలంటే నా ధ్యాసంతా ఆ గదిలోనే ఉంది, కొత్త అతుకు జిగురు ఆరిందో లేదోనని.

అదుగో, వెనక తలుపు దగ్గర. రీలు ప్రొజెక్టరు గదిలోకి అందించింది. చెయ్యి ఊపుతోంది.

మూడో వరుసలో కూర్చున్న అమ్మా, పిన్ని కొడుకులను వెంటబెట్టుకుని వచ్చి మంచి పని చేశావు. మీ నాన్నగారు ఎటు నడిచారో వాళ్లనూ చూడనివ్వు.

అధ్యక్షులవారూ, నన్ను భరించినందుకు మీకూ సభకూ కృతజ్ఞతలు. లైట్లు ఆర్పండి బాబూ. ఇక నాకు సెలవు.