టాస్క్‌బారు మీద తలుపంత బొమ్మ

"నేను గొప్పలు చెప్పుకునే రకం కాదు," అంటూ టీ గ్లాసు పట్టుకుని టీ కొట్టు బల్ల మీద సర్దుకుని కూర్చున్నాడు సెట్టింగుల బావ. ఎదురుగా ఉన్న ప్రెస్సులో పుస్తకాల పేజీలు కంప్యూటర్లో పేర్చేది ఆయనే. ఆ మాట అన్నాడంటే ఇక ఎవరూ లేవకూడదని అర్థం. పక్క కొట్టు టైలరు సూదిని చొక్కాకి గుచ్చుకుని మరీ వచ్చి కూర్చున్నాడు.

"మా ప్రెస్సులో ప్రూఫులు చూసే పిన్ని ఉంది కదా, ఆవిడ దగ్గరున్నది పాత కంప్యూటరు, అందులో పాత విండోసు. తెర అడుగున పట్టీ ఉంటుంది చూడండి, టాస్క్‌బారు, దాని మీదకి మౌసు తీసుకెళ్తే తెరిచి ఉన్న పేజీలన్నీ చిన్న చిన్న బొమ్మలై పైకి లేస్తాయి. ప్రివ్యూలంటారు. తపాలా బిళ్ళంతే ఉంటాయి. అన్నీ తెల్లగా చీమల బారు పాకినట్టే, ఏది ఏ పుస్తకమో దేవుడికే తెలియాలి. పిన్ని చూపు అసలే అంతంత మాత్రం. పళ్ళ డాక్టరుగారి ప్రచార కాగితం అనుకుని, భూగోళం పాఠం నొక్కేసి మెషీన్‌కి పంపేసింది. కాగితాల మీద పైన ముందే అచ్చేసిన నవ్వే పళ్ళ బొమ్మ, కింద 'ఈ ప్రాంతంలో అగ్నిపర్వతాలు ఎప్పుడైనా పేలవచ్చు' అని. ఇంకొక్క పేజీ తారుమారైతే రేపట్నుంచి రావద్దన్నాడు మా ఓనరు. ఆ వయసులో ఆవిడకి ఇంకెవరు పనిస్తారు?"

"నిజమే, ఆవేళ పిన్ని టీ కూడా తాగలేదు," అన్నాడు టీ కొట్టు బాబాయ్.

"అప్పుడు నేనేం చేశానో తెలుసా? ముందు మా మావగారింటికి వెళ్ళి కావలసిన సరంజామా తెచ్చుకున్నా."

"మీ మావగారు కంప్యూటర్లు చదివారా?"

"పేపరు చదువుతారు. అడ్డం రాకండి. ఆ విండోసు కడుపులో రిజిస్ట్రీ అని ఒక అర ఉంటుంది, లోపలన్నీ అంకెలే. ఒకటి కదిపితే కంప్యూటరు చచ్చి ఊరుకుంటుంది. చెయ్యి పెట్టడానికి హేమాహేమీలు వణికిపోతారు. నేను చొక్కా చేతులు మడిచి, ప్రివ్యూ సైజు అంకె ఎక్కడుందో పట్టుకుని, కొంచెం పెంచా. బిళ్ళ కాస్తా పోస్టుకార్డంత అయింది."

"కొలత పెంచితే గుడ్డ పెరుగుతుందా బావా?" అన్నాడు టైలరు.

"నీ కత్తెరకి పెరగదు, నా మౌసుకి పెరుగుతుంది. పిన్ని చూసి, 'నాయనా, నా నెత్తిన పాలు పోశావు' అంది. ఆ మాట వినగానే నాకు ఊపొచ్చింది. ఇంకొంచెం పెంచా. పుస్తకమంత అయింది. ఇంకొంచెం పెంచా. తలుపంత అయింది. తెర చాలక బొమ్మ గోడ మీద పడింది, గోడ చాలక కిటికీలోంచి వీధిలోకి దిగింది. బస్సుకోసం నిలబడ్డవాళ్ళు బస్సు సంగతి మర్చిపోయి ప్రూఫులు చదవడం మొదలెట్టారు. ఒకాయన బస్సెక్కినవాడు దిగొచ్చి, 'మూడో పేజీలో ఒక వరుస రెండుసార్లు పడింది, చూసుకోండి' అని చెప్పి వెళ్ళాడు."

"మరి నేనెందుకు చూళ్ళేదు? నా కొట్టు ఎదురే కదా," అన్నాడు బాబాయ్.

"నువ్వు పాలు పొంగుతాయని కిందకి చూస్తున్నావ్. ఆ తర్వాత ఏమైందో తెలుసా? మౌసు పెట్టాక బొమ్మ లేవడానికి కాస్త ఆలస్యం ఉంటుంది, దానికీ ఒక అంకె ఉంది. దాన్ని తగ్గించా. మౌసు చేరేసరికి బొమ్మ సిద్ధం. సున్నా చేశా. మౌసు బయల్దేరకముందే సిద్ధం. సున్నా కన్నా కిందకి దించా. అంతే, పిన్ని తెరవని పేజీలు కనపడ్డాయి, ఆపైన ఇంకా ఎవరూ రాయని పేజీలు కూడా కనపడ్డాయి. మా దగ్గర నవల అచ్చు వేయించుకునే ఆయన, చివరి అధ్యాయం తోచక ఆర్నెల్లుగా జుట్టు పీక్కుంటున్నాడా, వచ్చి ప్రివ్యూలో చూసుకుని, కళ్ళు తుడుచుకుని, ఇంటికెళ్ళి రాసేసుకున్నాడు. పక్క వీధి ప్రెస్సులవాళ్ళు వచ్చి, మాకూ ఆ అంకె చెప్పవా అని కాళ్ళావేళ్ళా పడ్డారు. చెప్తానా? అది పిన్ని కోసం పెట్టిన అంకె."

"అంత తెలిసినవాడివి, బాబాయ్ టీ రేటు పెంచుతాడని ముందే చెప్పలేదేం?" అన్నాడు టైలరు. "మా చెవుల్లో పూలు పెట్టడానికి ఇంకో తోట కావాలి నీకు."

"నీలాంటివాళ్ళు నమ్మకపోతే నాకేం? పిన్నిని అడగండి. ఆవేళ్టి నుంచి ఒక్క పేజీ తారుమారైందేమో ఆవిణ్ణే అడగండి."

"ఏమీ కాలేదు," అంది వెనక నుంచి పిన్ని.

ఆవిడ ఎప్పుడొచ్చిందో ఎవరూ చూడలేదు. ప్రెస్సు సిరా అంటిన చేతిని గుప్పిట బిగించి నిలబడి ఉంది. బావ ముఖం వెలిగిపోయింది.

"విన్నారా? ఇంకా చెప్పు పిన్నీ, గట్టిగా చెప్పు."

"ఇప్పటిదాకా కాలేదు నాయనా. నీ సెట్టింగు ఇందాక ఎండకి ఊడి నా ఒళ్ళో పడింది. పళ్ళ డాక్టరుగారి కొత్త కాగితం ఇప్పుడే మెషీన్‌కి వెళ్ళాలి, బొమ్మలేమో మళ్ళీ బిళ్ళలైపోయాయి. తొందరగా వచ్చి అంటించిపో."

గుప్పిట విప్పింది. పేపరు చదువుకునే గుండ్రటి భూతద్దం, అంచుల చుట్టూ ఎండిపోయిన టేపు.

ముందు టైలరు నవ్వాడు, ఆ వెనకే అందరూ. సూది గుచ్చుకుంటుందని చొక్కా పట్టుకుని మరీ నవ్వాడు టైలరు.

"నవ్వకండర్రా," అంది పిన్ని. "మావగారి చేత చీవాట్లు తిని మరీ తెచ్చాడు. ఇది లేకపోతే నేనీపాటికి ఇంట్లో ఉండేదాన్ని."

బావ భూతద్దం అందుకుని చొక్కా అంచుతో తుడిచాడు. లేచి నిలబడి, ఇంకో పుస్తకం అచ్చులోకి పంపుతున్నవాడిలా ఛాతీ విరుచుకుని, "బాబాయ్, టేపుంటే కాస్త ఇలా ఇవ్వు," అన్నాడు.

బాబాయ్ గల్లాపెట్టె కింద వెతికి టేపు చుట్ట తీసి, కొస గోటితో లేపి పట్టుకున్నాడు.

"రిజిస్ట్రీ ఎంత కావాలి అబ్బాయ్, జానెడు చాలా?"