గుద్రున్ తలుపు మీది చీటీలు

పదహారు రోజులు మీరంతా ఆ తలుపు ముందునుంచే ఎక్కారు, దిగారు. ఒక్కరూ తట్టలేదు. ఇవాళ సంతాపసభకి మాత్రం నల్లకోట్లు వేసుకుని, చెప్పిన టైముకి ఐదు నిమిషాల ముందే వచ్చి కూర్చున్నారు.

మిత్రులారా, ఒకే మెట్లెక్కే ఇరుగుపొరుగులారా! డాక్యుమెంటరీ దర్శకురాలు గుద్రున్ ఐజెలె గారు మన మధ్య లేరు అనడానికి నాకు నోరు రావడం లేదు. ఎప్పుడున్నారు గనక మన మధ్య? నాలుగో అంతస్తులో ఉన్నారు, అంతే.

ముప్పయ్యేళ్ళు జర్మనీ అంతా తిరిగి ఆవిడ తీసింది ఒక్కటే: మనం ఒకరితో ఒకరం ఎలా మసులుకుంటామో. పక్కింటివాళ్ళ పార్సెళ్ళు తీసుకుని ఉంచే మనుషుల మీద సినిమా తీశారు. అందులో మన కింది అంతస్తు వాల్‌ట్రావ్ట్ గారు, ఎనభై ఒక్కేళ్ళావిడ, ఏమన్నారు? "ఎవరిదొచ్చినా తీసుకుంటానమ్మా. పట్టుకెళ్ళడానికొచ్చేవాళ్ళే నాకు చుట్టాలు." హాలంతా నవ్వింది. నేనూ నవ్వాను. గుద్రున్ నవ్వలేదు.

తర్వాత మన మెట్ల బోర్డు. "ఈ వారం ఊడ్చే వంతు మీది" అని తలుపు పిడికి తగిలించి పోతామే, ఆ చెక్కముక్క! ఏడాది పొడుగునా దాని వెంట కెమెరా పట్టుకు తిరిగారు. ఎంతమంది గంట కొట్టి చేతికిచ్చారు? ఒక్కరూ లేరు. మన మెట్ల మీదే ఉండే బుర్క్‌హార్ట్ గారిని అడిగితే, "చీపురు సంగతికి మనిషిని కదపడం ఎందుకు తల్లీ?" అన్నారు. ఆవిడ ఊరుకుంటారా? "గంట కొడితే లోపల్నుంచి మనిషి వస్తాడని భయమా అయ్యా?"

తల దించుకోకండి బుర్క్‌హార్ట్ గారూ. తప్పు మీ ఒక్కరిదే కాదు.

ఈ మార్చిలో ఆ బోర్డు ఆవిడ తలుపుకే వేలాడింది. శనివారం పొద్దున వంటింట్లో పడిపోయారు. సాయంత్రానికి తలుపు మీద మొదటి చీటీ: "మెట్లు ఊడవలేదు." ఆదివారం దాకా ప్రాణం ఉండే ఉంటుందని డాక్టరన్నారు. ఆదివారం దాకా! వారం తిరిగాక రెండో చీటీ: "ఇంకా ఊడవలేదు." మూడోది టైపు చేసింది, సంతకం లేదు: "సమాజం మీద సినిమాలు తీసేవారికి సొంత మెట్లు కనిపించవా?"

అది రాసింది నేను. అద్దెల పెంపు మీద ఇరవయ్యేళ్ళుగా పేరు పెట్టి మరీ కరపత్రాలు రాస్తున్న నేను.

నాలుగో కాగితం పార్సెల్ తెచ్చినవాడిది: మీ పార్సెల్ కింద వాల్‌ట్రావ్ట్ గారి దగ్గర ఉంది. "ఇవాళొస్తుంది, రేపొస్తుంది అని రెండు కప్పులు బయట పెట్టుకు కూచున్నానయ్యా" అన్నారావిడ నాతో. పదిహేడో రోజున ఆ ముసలావిడే మోకాళ్ళు పట్టుకుని నాలుగంతస్తులెక్కి గంట కొట్టారు. అప్పుడుగానీ మనకి తెలియలేదు.

ఓదార్పు మాటలు నా దగ్గర లేవు. డిమాండ్లున్నాయి.

బోర్డు తలుపుకి తగిలించొద్దు. గంట కొట్టి చేతికివ్వండి.

చీటీ రాసేముందు తలుపు తట్టండి. అప్పటికీ రాయాలనిపిస్తే పేరు పెట్టండి.

మన మెట్ల సినిమా ఈ హాల్లోనే వేయాలి. అందరూ రావాలి.

వాల్‌ట్రావ్ట్ గారింటికి వెళ్ళండి. పార్సెల్ లేకపోయినా వెళ్ళండి.

గుద్రున్ వంతు మెట్లు ఈ శనివారం నేను ఊడుస్తాను. సాయం రావొద్దు.

ఇప్పుడు లేవండి. ఒక్క నిమిషం మాట్లాడకుండా నిలబడండి. అది మనకి బాగా వచ్చిన పనే. ఈసారి మాత్రం నేల చూడకండి, పక్కనున్నవాళ్ళ మొహం చూడండి.