పాత వెర్షన్‌లో కురిసిన వాన

"ముందు ఆటలో కారు రంగు మార్చాను, అంతే. అక్కడ మొదలైంది," అన్నాడు కంప్యూటర్లు బాగుచేసే ఆయన, టీ బండి ముందు బెంచీ మీద కాళ్ళు చాపి.

నా ఒళ్ళో మా అమ్మాయి కంప్యూటర్ ఉంది. అమ్మాయి పోయి ఏడు నెలలు. ఓ పాత కార్ల ఆటలో అది మా వీధి కట్టింది, నా కుట్టు దుకాణం పెట్టింది. దుకాణం ముందు కారు ఆపితే దాని గొంతే పలికేది: "అమ్మా, వచ్చేశా." బాణం బటన్లు నొక్కడం నేర్చుకుని రోజూ వెళ్ళి ఆపేదాన్ని. పోయిన వారం అప్‌డేట్ చెయ్యమంటారా అని తెర మీద అడిగితే సరే నొక్కాను. వీధి పోయింది. అమ్మాయి ఫైళ్ళున్నాయి గానీ, పాత ఆటకి తప్ప తెరుచుకోవట. పాత వెర్షన్ నా దగ్గరుంది, తీసుకురండి అని ఈయన ఫోన్లో అంటే వచ్చాను.

"కొత్తది అంత చెడ్డదా?" టీ కాచే పెద్దాయన అడిగాడు.

"తళతళా మెరుస్తుంది బాబాయ్. లోపల మాత్రం చెయ్యి పెట్టనివ్వదు. పాతదానికి తాళాల్లేవు. ఏ ఫైలు ఎక్కడుందో ఆడేవాళ్ళకి కంఠతా. ఇన్నేళ్ళూ జనం చేసిన మార్పులన్నీ దాని కొలతలకే కుట్టారక్కా. కొత్తదానికి తొడిగితే చంకలో చిరుగుతాయి. అందుకే పాతదాన్ని పట్టుకు వేలాడతాం. సరే, రంగు మార్చానా, ఆ ఊపులో మన వీధంతా ఆటలోకి దించాను, గుంతలతో సహా. ఆ తర్వాత ఏమైందో తెలుసా? ఆటలో కారు గుంతలో పడితే, కుర్చీలో నాకు నడుం పట్టేసింది!"

"అది వయసురా."

"విను బాబాయ్. ఆపైన వాన పెట్టాను. కీబోర్డు తడిసి ముద్ద. నేను గొడుగేసుకుని ఆడుతుంటే మా ఆవిడ గదినిండా బకెట్లు పెట్టింది. ఇంతలో రోడ్లవాళ్ళు దిగి గుంతలన్నీ పూడ్చేశారు..."

"ఎక్కడ?"

"ఆటలో! బయటివి కూడా పూడ్చండయ్యా అంటే, అది మా పని కాదన్నారు."

పెద్దాయన పడీపడీ నవ్వాడు. నాకూ నవ్వొచ్చింది. వచ్చినందుకు సిగ్గేసింది.

నా నవ్వు చూసి ఆయన ఇంకా రెచ్చిపోయాడు. "ఇదేం చూశారక్కా! పోయిన మా నాన్నని పెట్టాను. నడుచుకుంటూ వచ్చాడు, కారు అద్దం దించమన్నాడు, ఒరేయ్ తిన్నావా అన్నాడు. అచ్చం అదే గొంతు! పాత వెర్షన్ కాబట్టి కుదిరింది."

"ఆ గొంతు ఏ రికార్డింగులోంచి తీశారు?" అడిగాను.

ఆయన టీ గ్లాసు బెంచీ మీద పెట్టాడు.

"మా అమ్మాయి బీరువాలో బట్టల మధ్య తల పెట్టి, ఆ ఒక్క మాట పదకొండుసార్లు చెప్పింది. చప్పుడు కాకూడదని నా మిషను ఆపించింది. రికార్డింగు లేకపోతే గొంతు రాదమ్మా అంది. మీకెలా వచ్చిందో చెప్పండి."

ఎగతాళికి అడగలేదు. తెలుసుకుందామనే అడిగాను.

ఆయన కాళ్ళు ముడుచుకున్నాడు. "రికార్డింగు లేదక్కా. మా నాన్న గొంతు ఎలా ఉండేదో నాకిప్పుడు గుర్తే లేదు."

"మరి పాత వెర్షన్?"

"అదీ లేదు. ఫోన్లో మీరు ఏడుస్తుంటే, లేదని చెప్పడం చేతకాలేదు."